కాలాన్ని ఆపే మొక్క

పిల్లలూ!

కథల్లో చిత్రమైన మొక్కలను గురించి మీరు చదివే ఉంటారు. ఒక వేరు నమిలితే ముసలివాడు పడుచువాడవుతాడు. ఒక ఆకు పసరు పోస్తే చచ్చినవాడు నిద్రలేచినట్టు లేచి కూచుంటాడు. అటువంటి మూలిక కోసమే గదా హనుమంతుడు కొండనే పెకలించుకు వచ్చాడు! "ఇటువంటి మొక్క నిజంగా ఉంటుందా?" అని మీలో చాలామందికి సందేహం కలిగి ఉంటుంది. మా పెదకూరపాడులో ఒక కుర్రవాడికి మాత్రం సందేహం కలగలేదు. ఏకంగా నమ్మకమే కలిగింది. అందువల్ల ఏం జరిగిందో ఈ నెల మీకు చెబుతాను.

ఆ కుర్రవాడు ఆరో తరగతి చదువుతున్నాడు. ఇల్లు మా వీధి చివరే. తల్లీ తండ్రీ తెల్లవారుతూనే మిరపచేలోకి పోతారు. వాడికి అన్నం పెట్టేదీ, బడికి పంపేదీ నాయనమ్మే. ఆవిడకు డెబ్భై ఏళ్ళు దాటాయి. రక్తపోటు ఉన్నది. డాక్టరు చెప్పిన ప్రకారం రోజూ పొద్దున్నే ఒక మాత్ర వేసుకుంటుంది. మాత్ర అందించేది మనవడే.

ఒకనాడు ఈ కుర్రవాడు తిరునాళ్ళకు వెళ్ళాడు. అక్కడ ఒక మనిషి గోనెపట్టా పరిచి, దానిమీద గోధుమరంగు ఉండలు పోసి అమ్ముతున్నాడు. పిడికిలంత ఉండలు, ముట్టుకుంటే గలగలమంటున్నాయి. అతని ముందు మూడు ఇత్తడి పళ్ళాలున్నాయి. మొదటి పళ్ళెంలో ఉండ ముడుచుకుని ఉన్నది. రెండో పళ్ళెంలో నీళ్ళు పోసి ఉన్నాయి. అందులో ఉండ సగం విచ్చుకున్నది. మూడో పళ్ళెంలో ఉండ పూర్తిగా విచ్చుకుని, నెమలి పురి విప్పినట్టున్నది.

"ఇదే సంజీవని! చచ్చిన మొక్క లేచింది, చూడండి! దీని కషాయం నెలరోజులు తాగితే పదేళ్ళ వయసు వెనక్కు పోతుంది. ఇక వేరే మందుతో పని లేదు!" అని అతను కేక పెడుతున్నాడు.

కుర్రవాడు బ్యాటు కొనుక్కోవటానికి వంద రూపాయలు దాచుకున్నాడు. ఆ వందా పెట్టి రెండు ఉండలు కొన్నాడు. మర్నాటి నుంచీ నాయనమ్మకు మాత్రకు బదులు కషాయం అందించసాగాడు.

నాలుగోనాడు మధ్యాహ్నం వాడు రొప్పుతూ మా ఇంటికి పరుగెత్తుకొచ్చాడు.

"మేష్టారూ! నాయనమ్మ కళ్ళు తిరిగి పడిపోయింది!"

ఆవిడను ఆటోలో ఎక్కించుకుని ఆసుపత్రికి తీసుకుపోయాం. డాక్టరు పరీక్ష చేస్తే రక్తపోటు పై అంకె రెండు వందలు దాటి ఉన్నది. వెంటనే మందిచ్చి, సాయంకాలం దాకా పడుకోబెట్టారు. ఆవిడ కాస్త తేరుకున్నాక, "మాత్రలు వేసుకుంటున్నారా, అమ్మా?" అని డాక్టరు అడిగాడు.

"లేదు, బాబూ. మనవడు ముచ్చటపడి ఏదో మూలిక తెచ్చాడు. వాడి మాట తీసెయ్యలేక అదే తాగాను," అన్నది ఆవిడ.

కుర్రవాడు గోడవైపు తిరిగి నిలబడ్డాడు.

"అమ్మా, ఈ జబ్బు నొప్పి పెట్టదు. అందుకే మాత్ర మానినా ఏమీ కాలేదనుకుంటారు. లోపల రక్తపోటు పెరిగిపోయి, మెదడులో రక్తనాళం చిట్లినా, మూసుకుపోయినా పక్షవాతం వస్తుంది. ఈసారి గండం తప్పింది," అని డాక్టరు చెప్పాడు.

వాణ్ణి నేనేమీ అనలేదు. అనవలసిన దానికంటె ఎక్కువగా వాడే అనుకుంటున్నాడని మొహం చూస్తే తెలుస్తూనే ఉన్నది.

మర్నాడు వాడు మిగిలిన ఉండ పట్టుకుని మా ఇంటికి వచ్చాడు.

"ఇదంతా అబద్ధమా, మేష్టారూ? విచ్చుకోవటం నా కళ్ళతో నేను చూశానే!" అన్నాడు.

"నువ్వు చూసింది అబద్ధం కాదు. చూసినదానికి అతను చెప్పిన అర్థం నిజమో కాదో, అది మనం పరీక్షించాలి. రా, ఇద్దరం చేద్దాం," అన్నాను.

ఉండను ఒక పళ్ళెంలో పెట్టి నీళ్ళు పోశాం. అది మెల్లిగా కదలసాగింది. కొన్ని గంటలకు కొమ్మలన్నీ చాచి పళ్ళెం నిండా పరుచుకున్నది.

"చూశారా, మేష్టారూ! బతికింది!" అన్నాడు వాడు.

అప్పుడు నేను నోటు పుస్తకంలోంచి ఒక కాగితం చింపి, ఆరు రేకుల పువ్వులా కత్తిరించాను. రేకులన్నిటినీ లోపలికి మడిచి, మొగ్గలాగా చేశాను. ఆ మొగ్గను మరొక పళ్ళెంలో నీళ్ళమీద వదిలాను. మేమిద్దరం చూస్తూ ఉండగానే ఒక్కొక్క రేకే పైకి లేచి, కాగితం పువ్వు పూర్తిగా విచ్చుకున్నది.

"కాగితానికి ప్రాణం వచ్చిందా?" అని అడిగాను.

రెండు రోజుల తరువాత వాడి మొహాన మొదటిసారి నవ్వు కనిపించింది. "రాలేదు. నీళ్ళు పీల్చుకుని ఉబ్బింది," అన్నాడు.

అంతే మరి! కాగితం చేసేది చెట్ల నారతోనే. నారలోకి నీరు చేరితే అది ఉబ్బుతుంది, మడత విడిపోతుంది. ఎండిన మొక్క కొమ్మ కూడా నారే. అందులో ప్రాణం ఉన్నా విచ్చుకుంటుంది, లేకపోయినా విచ్చుకుంటుంది. విచ్చుకున్నంత మాత్రాన బతికున్నట్టు కాదు.

"అయితే బతికున్నదో లేదో ఎట్లా తెలుస్తుంది?" అని కుర్రవాడు అడిగాడు.

"ప్రాణమున్న మొక్క పచ్చబడుతుంది, కొత్త చిగురు వేస్తుంది. చచ్చినదైతే కుళ్ళుతుంది. వారం రోజులు నీడలో ఉంచి, నీళ్ళు మారుస్తూ రోజూ చూసి రాసిపెట్టు," అన్నాను.

వాడు రాశాడు. మొదటి రోజు: రంగు మారలేదు. రెండో రోజు: మారలేదు. మూడో రోజు: నీళ్ళు టీ రంగుకు వచ్చినాయి. అయిదో రోజు: వాసన. ఆరో రోజు: కొమ్మ పట్టుకుంటే జిగురుగా ఊడి వచ్చింది.

నాయనమ్మ ప్రాణాన్ని నిలబెడుతుందని వాడు తెచ్చిన మొక్క ఎప్పుడో చచ్చిపోయి ఉన్నది! దాన్ని వేళ్ళతో సహా రాతిమీదినుంచి పీకి, ఎన్ని నెలలు గోనెసంచీలో ఉంచారో, తమాషా కోసం ఎన్నిసార్లు తడిపి ఎండబెట్టారో!

అయితే, పిల్లలూ, ఇక్కడితో ఆపేసి, "ఇదంతా మోసం" అని మీరు కొట్టేస్తే అదీ పొరపాటే. ఎందుకంటే ఆ మొక్క తన స్థానంలో, తన రాతిమీద ఉన్నప్పుడు చేసే పని నిజంగా అద్భుతం.

సంజీవని పేరుతో మన దేశంలో అమ్మే మొక్కల్లో ముఖ్యమైన దానికి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు సెలాజినెల్లా బ్రయోప్టెరిస్. ఇది రాతి కొండల మీద, బండల సందుల్లో పెరుగుతుంది. దీనికి పువ్వు లేదు, కాయ లేదు, విత్తనం లేదు. పొడిలాంటి సిద్ధబీజాలతో వ్యాపిస్తుంది. చూడటానికి జానెడు మొక్కే గాని చాలా పాత వంశం. సుమారు 30 కోట్ల ఏళ్ళ కిందట దీని బంధువులు ముప్ఫై మీటర్ల ఎత్తు చెట్లుగా పెరిగాయి. ఈనాడు ప్రపంచంలో తవ్వుతున్న బొగ్గులో కొంతభాగం ఆ కాలపు అడవులదే.

వానలు వెనకపట్టగానే ఈ మొక్క కొమ్మలను లోపలికి ముడుచుకుని ఉండ అయిపోతుంది. దానిలోని నీరు నూటికి తొంభై వంతులకు పైగా పోతుంది. మామూలు మొక్కకు అంత నీరు పోతే చావు ఖాయం. మీ ఇంట్లో తోటకూర కట్ట ఒకటి ఎండలో మరిచిపోయి, సాయంత్రం నీళ్ళలో వేసి చూడండి, తెలుస్తుంది. కాని ఈ మొక్క నెలల తరబడి అట్లాగే ఉండి, తొలకరి చినుకు పడగానే కొన్ని గంటల్లో పచ్చబడి, మళ్ళీ ఎండను తాగి ఆహారం చేసుకోవటం మొదలుపెడుతుంది.

ఇది ఎట్లా సాధ్యం? ప్రతి ప్రాణిలోనూ కంటికి కనిపించని జీవకణాలు ఉన్నాయి. కణంలోని పొరలూ, మాంసకృత్తులూ నీటిలో తేలుతూ దేని చోట అది ఉంటుంది. నీరు పోతే అవి ఒకదానికొకటి అంటుకుని, చిరిగి, చెడిపోతాయి. ఈ మొక్క ఎండబోయే ముందే తన కణాల నిండా కొన్ని రకాల చక్కెరలను సిద్ధం చేసుకుంటుంది. వాటిలో ఒకదాని పేరు ట్రెహలోజ్. నీరు పోయిన చోట ఈ చక్కెర నిలిచి, గాజులాగా గట్టిపడుతుంది. మీ అమ్మ వేరుశెనగపప్పు చెక్కీ చేసేటప్పుడు చూడలేదూ? పాకం ఆరితే పప్పు ఎక్కడిదక్కడ బిగుసుకుపోతుంది. సరిగా అట్లాగే కణంలో ప్రతి వస్తువూ ఎక్కడిదక్కడ బిగుసుకుంటుంది. పెరగటం లేదు, తరగటం లేదు. నీళ్ళు వచ్చినప్పుడు ఆ పాకం కరుగుతుంది. ఆగిన పని ఆగిన చోటునుంచే మొదలవుతుంది.

కనక ఆ మొక్క చచ్చి బతకటం లేదు. చావకుండా ఆగుతున్నది. వేసవి అంతా దానికి కాలం నడవలేదన్నమాట!

ఈ మాట విని కుర్రవాడు, "మరి కషాయం తాగితే మనకు మాత్రం కాలం ఎందుకు ఆగదు?" అని అడిగాడు.

మంచి ప్రశ్నే. ట్రెహలోజ్ పుట్టగొడుగుల్లో కూడా ఉన్నది. పుట్టగొడుగుల కూర తిన్నవాళ్ళెవరూ వేసవిలో ఎండి వానాకాలంలో చిగిర్చలేదు గదా! ఆ చక్కెర మన కడుపులోకి పోగానే విడిపోయి, మామూలు గ్లూకోజు అయిపోతుంది. మొక్క తన కణాలను కాపాడుకునేందుకు చేసుకున్న ఏర్పాటు మనం తాగితే మనకు రాదు. చేపను తిన్నవాడికి ఈత రానట్టే ఇదీను.

ఇదే రామాయణంలో చెప్పిన సంజీవని అని కూడా ఎవరూ నిర్ణయించలేదు. గణేశయ్య, వాసుదేవ, ఉమాశంకర్ అనే ముగ్గురు కర్ణాటక శాస్త్రజ్ఞులు మన దేశ భాషల్లో ఆ పేరుగల మొక్కలన్నీ వెతికి, వడబోసి, 2009లో ఒక వ్యాసం రాశారు. చివరికి వాళ్ళకు రెండు మొక్కలు మిగిలాయి. వాటిలో ఇది ఒకటి. అంతవరకే.

"అయితే కాలాన్ని ఆపే మొక్క మన ఊళ్ళో లేదన్నమాట," అన్నాడు కుర్రవాడు నిరుత్సాహంగా.

"ఉన్నది. మీ ఇంట్లోనే ఉన్నది. పద చూపిస్తాను," అన్నాను.

ఇద్దరం వాళ్ళ ఇంటికి పోయాం. నాయనమ్మ అరుగు మీద కూచుని ఉన్నది. "అక్కయ్యా, బీర విత్తనాలున్నాయా?" అని అడిగాను.

ఆవిడ లోపలికి పోయి, చిన్న మట్టి ముంత తెచ్చి మూత విప్పింది. బూడిదలో కలిపిన నల్లటి గింజలు. "నిరుడు పాదుకే ఎండనిచ్చి తీసిన గింజలు. మా అత్తగారి నాటినుంచీ ఇదే విత్తనం," అన్నది.

కుర్రవాడు ఒక గింజ తీసి అరచేతిలో పెట్టుకున్నాడు. అది కదలదు, మెదలదు, తినదు, పెరగదు. రాతిముక్కలాగే ఉన్నది. బాగా ఎండిన గింజలో నూటికి పది వంతుల నీరు కూడా ఉండదు. బూడిద చెమ్మను దూరంగా ఉంచుతుంది, పురుగును రానియ్యదు. ఇదంతా ఏ పుస్తకమూ చదవకుండానే నాయనమ్మకు తెలుసు. రాతిమీది మొక్క ఏ పద్ధతిన తన కాలాన్ని ఆపుకుంటుందో, గింజ కూడా ఇంచుమించు ఆ పద్ధతిలోనే ఆపుకుంటుంది.

పెరట్లో ఆరు గింజలు నాటాం. వారం తిరిగేసరికి అయిదు మొలకలు పైకి వచ్చాయి. ఆ మొలకలు కాగితం పువ్వులాగా విచ్చుకుని ఊరుకోలేదు, పెరిగాయి!

గింజ ఎంతకాలం ఇట్లా ఆగగలదు? ఉల్లి గింజను ఇంట్లో ఊరికే ఉంచితే ఏడాదీ రెండేళ్ళకే శక్తి తగ్గిపోతుంది. అయితే చైనాలో ఒక ఎండిపోయిన సరస్సు మట్టిలో దొరికిన తామర గింజ సుమారు 1,300 ఏళ్ళ తరువాత మొలకెత్తింది. ఇజ్రాయిల్‌లో మసాడా అనే పాత కోట తవ్వకాల్లో, 1960 దరిమిలా, ఖర్జూరపు గింజలు దొరికాయి. అవి సుమారు రెండు వేల ఏళ్ళ నాటివి. అందులో ఒకటి 2005లో నాటితే మొలిచి చెట్టయింది! మన అమరావతి స్తూపం వెలసిన కాలానికీ ఆ గింజ కాలానికీ పెద్ద తేడా లేదు.

అమెరికాలో విలియం బీల్ అనే వృక్షశాస్త్ర ఆచార్యుడు 1879లో ఇరవై సీసాలలో ఇసుకతో కలిపి గింజలు నింపి, మిచిగన్‌లో భూమిలో పాతిపెట్టాడు. కొన్నేళ్ళకు ఒకటి చొప్పున తవ్వితీసి నాటి చూడాలని ఏర్పాటు. ఆయన 1924లో పోయాడు. శిష్యులూ, వారి శిష్యులూ ఆ పని సాగిస్తున్నారు. 2021లో తీసిన సీసాలో గింజలు కొన్ని ఇంకా మొలకెత్తాయి. చివరి సీసా తీసేది 2100లో!

మన దగ్గర కూడా ఇటువంటి గింజల భాండారం ఉన్నది. హైదరాబాదు సమీపాన పటాన్‌చెరులో 1972లో నెలకొల్పిన ఇక్రిశాట్ అనే పరిశోధన సంస్థ, జొన్న, సజ్జ, శనగ, కంది, వేరుశెనగ మొదలైన పంటల విత్తనాలను లక్షకు పైగా రకాలుగా శీతలపు గదుల్లో దాచింది. ఏనాడైనా ఏదైనా కొత్త తెగులు వచ్చి పంట పోతే, తట్టుకునే రకం ఆ గదుల్లో దొరకవచ్చు.

ఈ సంగతులన్నీ నేను అరుగు మీద కూచుని చెబుతుంటే నాయనమ్మ శ్రద్ధగా విని, "గింజకున్న అదృష్టం మనిషికి లేకపోయిందేం, మేష్టారూ!" అన్నది.

అప్పుడు ఆవిడకు ఒక కథ చెప్పాను. మన పల్నాటిలో, మాచర్ల అవతల, కృష్ణ నీళ్ళ మధ్య నాగార్జునకొండ ఉన్నది గదా! నాగార్జునుడనే పేరు గల మహానుభావుణ్ణి గురించి దేశమంతటా కథలున్నాయి. కాశ్మీర దేశంలో పదకొండో శతాబ్దంలో సోమదేవుడు రాసిన కథాసరిత్సాగరంలో ఒకటి ఇది.

చిరాయువు అనే రాజుకు నాగార్జునుడు మంత్రి. అతను ఓషధులతో ఒక రసాయనం తయారుచేసి, రాజుకు ఇచ్చి తానూ పుచ్చుకున్నాడు. ఇద్దరికీ ముసలితనం ఆగిపోయింది. ఎనిమిది వందల ఏళ్ళు గడిచాయి. రాజు సింహాసనం దిగలేదు. ఆయన కొడుకులు ఒకరి తరువాత ఒకరు యువరాజులై, రాజులు కాకుండానే పోయారు. ఆఖరుకు ఒక యువరాజు, తల్లి చెప్పినమీదట నాగార్జునుడి వద్దకు పోయి, ఆయన తలను దానం అడిగాడు. అడిగినవాడికి లేదనటం ఎరగని నాగార్జునుడు తల ఇచ్చేశాడు. రాజు దుఃఖంతో రాజ్యం వదిలి అడవికి పోయాడు.

నాయనమ్మ కొంచెంసేపు ఆలోచించి, "అదీ నిజమే. నిరుటి పాదు పీకకపోతే ఈ ఏటి పాదుకు పందిరేదీ?" అని, మనవడి వంక చూసి నవ్వింది. "అట్లా అని ఇప్పుడే పీకనక్కర్లేదు. నా మాత్ర ఏదిరా?"

వాడు లోపలికి పరుగెత్తాడు. ఇప్పుడు వాడు గోడమీద క్యాలెండరులో ప్రతి తేదీ పక్కనా, మాత్ర ఇచ్చాక ఒక గీత పెడుతున్నాడు. బీరపాదు పందిరి ఎక్కింది. మొన్న నాకు రెండు కాయలు తెచ్చి ఇచ్చాడు.

పిల్లలూ! మీరు కూడా ఈ నెల రెండు పనులు చెయ్యండి. కాగితం పువ్వు చేసి నీళ్ళమీద వదలండి. మందంగా ఉన్న కాగితం తొందరగా విచ్చుకుంటుందో, పల్చనిది విచ్చుకుంటుందో చూడండి. తరువాత మీ ఇంట్లో పెద్దలు దాచిన విత్తనాల్లో పది తీసుకుని, తడిబట్టలో చుట్టి, ఎన్ని రోజులకు ఎన్ని మొలిచాయో రాయండి. ఆ విత్తనం ఎక్కడినుంచి వచ్చిందో, ఎన్నేళ్ళనుంచి మీ ఇంట్లో ఉన్నదో పెద్దలనడిగి తెలుసుకోండి. ఇంట్లో ఎవరైనా రోజూ మందు వేసుకునేవాళ్ళుంటే, డాక్టరు చెప్పకుండా దాన్ని మానవద్దని వారికి చెప్పండి. సంతలో ఎవరైనా మహిమగల మూలిక అమ్మజూపితే కాగితం పువ్వును జ్ఞాపకం చేసుకోండి.

మిచిగన్‌లో ఆఖరి సీసా తవ్వేనాటికి నేను ఎట్లాగూ ఉండను. మీలో చిన్నవాళ్ళు కొందరు ఉండవచ్చు. ఆ గింజలు మొలిచాయో లేదో మీ మనవలకు మీరే చెప్పాలి.

వచ్చే నెల మళ్ళీ కలుసుకుందాం.